దాత చేయి – ఊరి చేయి

(గ్రామపంచాయతీ సభ్యుల శిక్షణ తరగతిలో చేసిన ప్రసంగము)



పంచాయతీ సభ్యుల తరగతులలో సాధారణముగా పద్దులను గురించియు, ఇంటిపన్ను వసూలును గురించియు, మంచినీటి పథకములను గురించియు మాటలాడుట వాడుక. ఆ విషయములను అధికారులు మీకు ఇదివరకే వివరించియున్నారు. అందుచేత మేము నేడు ఒక మనుష్యుని జీవితమును మీ ముందుంచ దలచితిమి. ఆయన మన తెలుగు ప్రాంతమువారు కారు. రాజకీయములలో నున్నవారును కారు. నూనెమిల్లు యజమానిగా పని మొదలుపెట్టి, కంప్యూటరు సాఫ్ట్‌వేర్ వ్యాపారమున అపారమైన ధనము గడించి, అందు అధికభాగమును బడిపిల్లల చదువు కొరకు విడిచిపెట్టినవారు. వారి పేరు అజీం ప్రేమ్‌జీ.

“కోటీశ్వరుని కథ మాకెందుకు? మా పంచాయతీకి నెల గడచుటయే కష్టముగా నున్నది గదా!” అని మీలో కొందరికి తోచవచ్చును. ఆ ప్రశ్న న్యాయమైనదే. దానికి మేము రెండు సమాధానములు చెప్పెదము.

మొదటిది: హైదరాబాదులోనో, బెంగుళూరులోనో, అమెరికాలోనో సాఫ్ట్‌వేర్ ఉద్యోగము చేయు బిడ్డ లేని ఊరు నేడు మన ప్రాంతమున అరుదు. అట్టివారిలో కొందరు పుట్టిన ఊరిని మరువక, బడికి గదులు కట్టించుచున్నారు, బల్లలు కొనియిచ్చుచున్నారు, మంచినీటి యంత్రములు పెట్టించుచున్నారు. కావున దాత యనువాడు మనకు దూరముగా నున్నవాడు కాడు. మీ పంచాయతీ కార్యాలయపు గుమ్మము ముందే నిలిచియున్నాడు. ఆయన యిచ్చిన దానిని ఎట్లు స్వీకరించవలెనో, ఎట్లు నిలుపుకొనవలెనో తెలిసికొనుట మన విధి.

రెండవది: ప్రేమ్‌జీగారు నెలకొల్పిన సంస్థ మన పల్లెబడులలోనే ఒక పెద్ద పరిశోధన నడపినది. దాని ఫలితము దాతలకంటె గ్రామస్థులకే ఎక్కువ అవసరమైనది. ఆ సంగతి తరువాత వివరించెదము. ముందుగా వారి జీవితము.

నూనెమిల్లు

మహారాష్ట్రమున జళగాం జిల్లాలో అమల్నేరు అను చిన్న పట్టణము కలదు. అచ్చట 1945 డిసెంబరులో మహమ్మద్ హషీం ప్రేమ్‌జీ యను వర్తకుడు ఒక నూనెమిల్లు స్థాపించెను. నూనెనుండి వనస్పతి తయారుచేయుట, మిగిలిన సరకుతో బట్టలసబ్బు చేయుట దాని పని. అదే సంవత్సరము జూలై 24వ తేదీన బొంబాయిలో ఆయనకు కుమారుడు జన్మించెను. ఆ కుమారుడే అజీం.

అజీం పెరిగి పెద్దవాడై అమెరికాలోని స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయమున ఇంజనీరింగు చదువుచుండగా, 1966లో తండ్రి అకస్మాత్తుగా మరణించెను. అప్పటికి ఆయన వయస్సు ఇరువదియొక్క సంవత్సరము. చదువు ముగియవచ్చిన దశలోనే దానిని విడిచి, తిరిగివచ్చి మిల్లు బాధ్యత స్వీకరింపవలసి వచ్చెను. మన ఊళ్లలోను ఇట్టివి చూచుచునే యున్నాము. తండ్రి పోయిన యేడు కుమారుడు కళాశాల మాని నాగలి పట్టుట మనకు క్రొత్త కాదు. కుటుంబభారము వచ్చి మీదపడినపుడు ధనికుని కొడుకైనను, రైతు కొడుకైనను చదువు ఆగిపోవును.

ఆ తరువాత జరిగిన వాటాదారుల సభలో ఒక వాటాదారుడు లేచి, ఇంత చిన్నవాడు కంపెనీని నడపజాలడనియు, తన వాటాలను అమ్మివేసి అనుభవజ్ఞులకు అప్పగించుట మంచిదనియు ముఖముమీదనే చెప్పెనట. ఆ మాటయే తనలో పట్టుదల పుట్టించినదని ప్రేమ్‌జీగారు తరువాతి కాలమున పలుమారులు చెప్పియున్నారు. విడిచివచ్చిన చదువును కూడ వారు మరువలేదు. మూడు దశాబ్దములు గడచిన పిమ్మట, విశ్వవిద్యాలయము అనుమతిపై మిగిలిన పాఠములను పూర్తిచేసి పట్టా పొందిరి.

అమల్నేరు పట్టణమును గురించి మరియొక మాట. మిల్లు ఆరంభదశలో ఆ ఊరివారు అనేకులు కొద్దికొద్ది సొమ్ము పెట్టి వాటాలు కొనిరి. వాటిని అమ్ముకొనక తాతనుండి తండ్రికి, తండ్రినుండి కొడుకునకు అందించుకొనుచు వచ్చిన కుటుంబములు, కంపెనీ పెరిగినకొలది సంపన్నములైనవి. ఒక ఊరు తన యెదుట మొలచిన పనిలో నమ్మకముతో పాలుపంచుకొనినచో ఫలము ఎట్లుండునో చెప్పుటకు ఇది యొక నిదర్శనము.

కంప్యూటరు, సాఫ్ట్‌వేర్

ఆ కంపెనీ పేరు మొదట వెస్టరన్ ఇండియా వెజిటబుల్ ప్రోడక్ట్స్. దానినే కుదించి తరువాత విప్రో అనిరి. మన ఇండ్లలో విరివిగా వాడు సంతూర్ సబ్బు కూడ ఈ విప్రో సబ్బే. నూనె, సబ్బు, విద్యుద్దీపములు, యంత్రభాగములు—ఇట్లు ఒక్కొక్కటిగా ప్రేమ్‌జీగారు వ్యాపారమును విస్తరింపజేసిరి.

పెద్ద మలుపు 1977 తరువాత వచ్చినది. విదేశీ కంపెనీలు భారతదేశములోని తమ శాఖలలో విదేశీ వాటాను తగ్గించుకొనవలెనని 1973 నాటి విదేశ మారకద్రవ్య చట్టము నిర్బంధించెను. అందుకు సమ్మతింపక, కంప్యూటరుల తయారీలో ప్రపంచమున అగ్రస్థానమున నుండిన ఐ.బి.యం. కంపెనీ ఈ దేశమునుండి వెడలిపోయెను. దేశములో కంప్యూటరులు చేయువారు కొరవడిరి. ఆ లోటును అవకాశముగా గ్రహించిన కొలదిమందిలో ప్రేమ్‌జీగారు ఒకరు. 1980 తరువాతి సంవత్సరములలో బెంగుళూరు కేంద్రముగా విప్రో కంప్యూటరులు తయారుచేయ నారంభించెను. వంటనూనె చేయు కంపెనీకి కంప్యూటరులతో పని యేమని నవ్వినవారును ఉండియుందురు. నాగలి కర్రులు చేసిన కమ్మరి చేతితోనే గదా తొలి ఇంజను మరమ్మతులును మన ఊళ్లలో జరిగినవి!

1991లో దేశ ఆర్థికవిధానము మారి, విదేశపు యంత్రములు సులభముగా లభింప నారంభించినవి. అప్పుడు విప్రో తన దృష్టిని యంత్రములనుండి సాఫ్ట్‌వేర్ వైపు మరింతగా త్రిప్పెను. కంప్యూటరు శరీరమనుకొన్నచో, ఏ పనిని ఏ వరుసలో చేయవలెనో దానికి చెప్పు ఆజ్ఞల కూర్పే సాఫ్ట్‌వేర్. దానికి ఇనుము అక్కరలేదు, బొగ్గు అక్కరలేదు. చదువుకొన్న బుద్ధి కావలెను. ఇతర దేశముల బ్యాంకులకు, కర్మాగారములకు, దూరవాణి సంస్థలకు కావలసిన సాఫ్ట్‌వేర్‌ను మన యువకులు ఇచ్చటనే కూర్చుండి తయారుచేసి పంపుట ఒక పెద్ద పరిశ్రమగా పెరిగినది. 2000 అక్టోబరులో విప్రో వాటాలు న్యూయార్కు విపణిలోను చేరినవి. ఈ పరిశ్రమలో బెంగుళూరుతోపాటు హైదరాబాదును పేరుగాంచినది. విప్రో హైదరాబాదులోను కార్యాలయములు నెలకొల్పినది. మన పల్లెల బిడ్డలు అనేకులు ఈ పరిశ్రమవలననే జీవనము పొందుచున్నారు.

ఇక్కడ గమనింపవలసినది ఒకటి కలదు. ఈ ధనమంతయు చదువునుండి పుట్టిన ధనము. చదువుకొన్న పిల్లలు లేనిచో ఈ పరిశ్రమయే లేదు. ఆ ధనమును ప్రేమ్‌జీగారు తిరిగి చదువునకే మళ్లించుటలో ఒక న్యాయమున్నదని మా అభిప్రాయము.

తల్లి నేర్పినది

దానగుణము వారికి ఎచ్చటనుండి వచ్చినది? తనపై అన్నింటికంటె ఎక్కువ ప్రభావము చూపినది తన తల్లియని వారే చెప్పిరి. ఆమె పేరు గుల్‌బానూ. వైద్యవిద్య నభ్యసించిన ఆమె, సొంత ప్రాక్టీసు పెట్టి ధనము గడింపక, బొంబాయిలో కాలుసేతులు చచ్చుబడిన పిల్లల కొరకు ధర్మాసుపత్రిని నడపుటలో దశాబ్దములు గడపెను. పోలియో సోకిన పేదబిడ్డలు అచ్చటికి వచ్చెడివారు. అట్టి సంస్థకు డబ్బు సమకూర్చుట, పని జరుగునట్లు చూచుట ఎంత ప్రయాసయో కుమారుడు చిన్ననాటినుండియు కన్నులార చూచెను.

రెండవ ప్రభావము గాంధీమహాత్ముని ధర్మకర్తృత్వ భావన. ధనవంతుడు తన చేతిలోని ధనమునకు సంపూర్ణ యజమానుడు కాడనియు, సమాజము తరపున దానిని కాపాడు ధర్మకర్త మాత్రమేననియు ఆ భావన సారాంశము. గుడి ధర్మకర్త గుడి భూమిని తన బిడ్డలకు పంచియిచ్చునా? ఇయ్యడు గదా. ఆ నీతియే ఇక్కడను.

పంట హక్కు

2000–01 ప్రాంతమున అజీం ప్రేమ్‌జీ ఫౌండేషన్ అను సంస్థ ఏర్పడినది. 2010 డిసెంబరులో వారు సుమారు 8,846 కోట్ల రూపాయల విలువగల వాటాలను విద్యాకార్యముల కొరకు ఒక ధర్మనిధికి బదలాయించిరి. 2013 ఫిబ్రవరిలో మరి 12,300 కోట్ల విలువగల వాటాలను చేర్చిరి. ఆ యేడే, సంపదలో సగమునకు తక్కువ గాకుండ దానము చేయుదుమని ప్రపంచ ధనికులు చేయు ప్రతిజ్ఞాపత్రమున సంతకము చేసిన మొదటి భారతీయుడైరి. 2019 మార్చిలో 52,750 కోట్ల విలువగల వాటాలపై ఆదాయమును కూడ ఇచ్చివేసిరి. అప్పటికి వారి దానము మొత్తము 1,45,000 కోట్ల రూపాయలకు చేరినట్లు సంస్థ ప్రకటించెను. విప్రో కంపెనీ వాటాలలో నూటికి 67 వంతులపై వచ్చు ఫలము ఆ ధర్మకార్యమునకే చెందును. అదే సంవత్సరము జూలై చివర వారు కంపెనీ అధ్యక్ష పదవినుండి విరమించి, దానిని కుమారుడు రిషద్ ప్రేమ్‌జీకి అప్పగించిరి.

వాటాలపై ఆదాయము నిచ్చుట యనగా నేమి? మన భాషలో చెప్పుకొందము. ఒక రైతునకు ఇరువది ఎకరముల మాగాణి కలదు. ఆయన ఆ భూమిని అమ్మి డబ్బు పంచిపెట్టలేదు. సేద్యము ఆగలేదు. కాని అందు పదమూడు ఎకరములలో ఏటేటా పండిన పంట ఊరిబడికి చెందవలెననియు, ఆ వ్రాతను తానుగాని, తనవారుగాని ఎన్నటికిని రద్దుచేయరాదనియు వ్రాసియిచ్చెను. ప్రేమ్‌జీగారు చేసినది ఇంచుమించు ఇట్టిదే. దీనివలన దానము ఒక్క దినముతో ముగియక, ఏటేటా పండుచుండును.

తోడు, పాలు

ఈ ధనముతో నేమి చేయుచున్నారు? దేశములో ప్రభుత్వ పాఠశాలలే పది లక్షలకు పైగా కలవు. సంస్థవారు వాటికి పోటీగా వేరొక బడుల వరుస నిర్మింపలేదు. ప్రభుత్వ బడులలోని ఉపాధ్యాయులతోనే కలసి పనిచేయుట తమ ముఖ్యమార్గముగా ఎన్నుకొనిరి. వెనుకబడిన జిల్లాలలో కేంద్రములు నెలకొల్పి, ఉపాధ్యాయులు బడివేళ ముగిసిన పిమ్మట అచ్చట కలిసికొని లెక్కలు, భాష ఎట్లు చెప్పవలెనో చర్చించుకొనుటకు ఏర్పాటు చేసిరి. కొన్ని జిల్లాలలో స్వయముగా నడపు కొలది బడులలో సైతము, ప్రభుత్వ బడికి అగు ఖర్చుతోనే మంచి చదువు చెప్పవచ్చునని చూపుట వారి ఉద్దేశము. 2010లో కర్ణాటక శాసనసభ చేసిన చట్టముననుసరించి బెంగుళూరులో అజీం ప్రేమ్‌జీ విశ్వవిద్యాలయము ఏర్పడెను. 2023లో భోపాలులోను అట్టిదే మొదలయ్యెను. ప్రభుత్వ బడులలో చదివి కళాశాలలో చేరిన బాలికలకు ఏటా 30,000 రూపాయల వేతనమిచ్చు పథకము కూడ పెక్కు రాష్ట్రములలో నడచుచున్నది.

కర్ణాటకములో జరుగుచున్న మరియొక కార్యము చూడుడు. అచ్చట ప్రభుత్వము మధ్యాహ్న భోజనములో వారమునకు రెండు దినములు పిల్లలకు కోడిగ్రుడ్లు ఇచ్చుచుండెను. మిగిలిన నాలుగు దినములకును అయ్యెడు వ్యయమును మూడేండ్లపాటు భరించుటకు సుమారు 1,500 కోట్ల రూపాయలతో ఫౌండేషన్ 2024లో ఒడంబడిక చేసికొనెను. సుమారు యాభైయైదు లక్షల పిల్లలకు ఉద్దేశించినదిది. అయినను ఆలోచింపుడు: ఆ గ్రుడ్డును కొని, ఉడికించి, పొట్టు తీసి, లెక్క తప్పకుండ బిడ్డ పళ్లెములో వేయు చేయి ఎవరిది? బెంగుళూరులోని దాత చేయి కాదు. ఆ ఊరి వంటమనిషి చేయి. ఆ చేయి సరిగా పనిచేయుచున్నదా లేదా యని చూచు కన్ను ఆ ఊరి కన్ను.

ఇంకొక లెక్క. 1,45,000 కోట్లు మనకు ఊహకందని మొత్తము. కాని మన కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వములు కలిసి ఒక్క సంవత్సరములో విద్యపై వెచ్చించు ధనము దానికి ఎన్నో రెట్లు. కనుక ఎంతటి మహాదాతయైనను దేశపు బడులను తన డబ్బుతో నడపజాలడు. ఆయన ధనము పాలలో వేయు తోడు వంటిది. తోడు కొంచెమే యుండును; అది మంచిదైనచో కుండెడు పాలను పెరుగు చేయును. కాని కుండలో పాలే లేనిచో తోడు వేసి ఏమి లాభము?

మన పల్లెలలో జరిగిన పరిశోధన

ఇప్పుడు మేము ముందు చెప్పెదమన్న విషయమునకు వచ్చెదము. 2005లో, నాటి ఉమ్మడి ఆంధ్రప్రదేశములో రాష్ట్ర ప్రభుత్వము, అజీం ప్రేమ్‌జీ ఫౌండేషన్, ప్రపంచ బ్యాంకు కలిసి ఒక పరిశోధన ఆరంభించినవి. కార్తీక్ మురళీధరన్, వెంకటేశ్ సుందరరామన్ అను ఆర్థికశాస్త్రజ్ఞులు దానిని రూపొందించిరి. కోస్తా, రాయలసీమ, తెలంగాణ ప్రాంతములనుండి ఐదు జిల్లాలలో 500 ప్రభుత్వ ప్రాథమిక పాఠశాలలను తీసికొని, చీట్లు వేసినట్లు వాటిని నూరేసి చొప్పున విభజించిరి. కొన్ని బడులలో పిల్లల మార్కులు పెరిగినచో ఉపాధ్యాయులకు బహుమానపు సొమ్ము. కొన్నింటిలో అదనముగా ఒక ఒప్పంద ఉపాధ్యాయుడు. కొన్నింటికి బడి ఖర్చులకై నగదు నిధి. మిగిలిన వాటికి ఏమియు లేదు. పిమ్మట అందరు పిల్లలకును లెక్కలలోను, తెలుగులోను పరీక్షలు పెట్టి పోల్చిచూచిరి.

బహుమానము పెట్టిన బడులలో రెండేండ్లలో పిల్లల చదువు చెప్పుకోదగినంత మెరుగుపడినది. అదనపు ఉపాధ్యాయుని ఇచ్చిన బడులలోను మెరుగైనది. ఆ ఒప్పంద ఉపాధ్యాయులు జీతము తక్కువైనను, ఎక్కువగా ఆ చుట్టుపట్లవారే యగుటచేత, బడికి రాకపోవుట తక్కువగా నుండెను. వేరొక నూరు బడులలో పిల్లలు ఏ పాఠమున వెనుకబడియున్నారో తెలుపు నివేదికలు మాత్రము ఉపాధ్యాయులకు ఇచ్చి చూచిరి. పరిశీలకులు వచ్చినపుడు ఆ ఉపాధ్యాయులు చురుకుగా పనిచేయుచు కనిపించిరి గాని, పిల్లల మార్కులలో మాత్రము భేదము కానరాలేదు. తనిఖీనాటి చురుకుదనము వేరు, ఏడాది పొడుగునా చదువు వేరని మనకు తెలియనిదా!

మనకు ముఖ్యమైనది నగదు నిధి కథ. బడిలోని ఒక్కొక్క విద్యార్థికి ఏడాదికి 125 రూపాయల చొప్పున లెక్కగట్టి బడికి ఇచ్చిరి. పలకలు, నోటుపుస్తకములు, అభ్యాస సామగ్రి వంటివి కొనవచ్చును. పిల్లలు నేరుగా వాడుకొను వస్తువులకే అది వినియోగింపవలెను. మొదటి యేడు ఆ నిధి వచ్చునని తల్లిదండ్రులకు ముందుగా తెలియదు. పిల్లలకు కావలసినవి వారు ఎప్పటివలెనే కొనియుంచిరి. దానిపై బడి నిధియు వచ్చినది. ఆ సంవత్సరము పిల్లల చదువు మెరుగైనది.

రెండవ యేడు నిధి వచ్చునని అందరికి ముందే తెలియును. అప్పుడేమైనదో వినుడు. బడికి వచ్చిన ప్రతి రూపాయికి, ఇండ్లలో పిల్లల చదువుపై పెట్టు ఖర్చు సుమారు ముప్పాతిక రూపాయి తగ్గినది. బడి కొనిపెట్టు వస్తువును ఇల్లు కొనుట మానినది. అందుచేత పిల్లవానికి చేరినది ఇంచుమించు మునుపటియంతయే. రెండవ యేట ఆ నిధివలన చదువులో అదనపు అభివృద్ధి కానరాలేదు. ఈ ఫలితములను 2013లో ప్రచురించిరి.

మేము ఆ తల్లిదండ్రులను నిందించుటలేదు. కూలిచేసి బ్రతుకు తల్లికి నోటుపుస్తకపు డబ్బు మిగిలినచో, అది నూనెకో, మందుకో పోవును. అది తప్పు కాదు. సంసారమును ఈదువారి తెలివి. తప్పు ఎచ్చటనున్నదనగా, ఇల్లు తనంతట తాను కొనగలిగిన వస్తువునే దానధనముతో కొని, దానివలన చదువు పెరుగునని మనము ఆశించుటలో నున్నది. ఇల్లు కొనలేనిది, ఒక్కొక్క కుటుంబము విడివిడిగా సమకూర్చుకొనలేనిది ఏదో దానిపై ఆ ధనము పడవలెను. మంచి బోధన, వేళకు వచ్చు ఉపాధ్యాయుడు, వెనుకబడిన పిల్లలకు సాయంకాలపు తరగతి, నిత్యము నీరుండు మరుగుదొడ్డి, తెరచియుండు గ్రంథాలయము—ఇవి ఏ తల్లియు అంగడిలో కొనితేలేనివి.

ఇండ్లకు వర్తించిన ఈ సూత్రము పంచాయతీకి మరింతగా వర్తించును. ఊరి బిడ్డ యెవరో అమెరికానుండి బడికి రెండు లక్షలు పంపెనని తెలియగానే, బడి ప్రహరీగోడకై మనము అనుకొన్న సొమ్మును మరియొకచోటికి త్రిప్పివేయుట జరుగును. లెక్క చూచినచో బడికి వచ్చినది సున్న. దాత చేయి ముందుకు వచ్చిన ప్రతిసారియు ఊరి చేయి వెనుకకు పోయినచో, ప్రేమ్‌జీవంటివారు నూరుగురు పుట్టినను మన బిడ్డ పళ్లెము, మన బిడ్డ పలక అట్లే యుండును.

చెరువు చెప్పు పాఠము

ఈ సత్యము మన పెద్దలకు తెలియనిది కాదు. పూర్వము చెరువు త్రవ్వించినవారికి, దానిని బాగుచేయించువారికి దశబంధ ఇనాములు ఇచ్చెడివారు. చెరువు త్రవ్వించుట మహాపుణ్యమని చెప్పిరి. కాని అంతటితో విడిచిపెట్టలేదు. ఏటేటా ఎండకాలమున రైతులు కాలువలలో పూడిక తీయవలెను. గట్టుమీది కంపలు కొట్టవలెను. తూమువద్ద మట్టి సరిచేయవలెను. దీనికి కుడిమరామత్తు అని పేరు. నాటి మద్రాసు రాజధానిలో దీనికొరకు 1858లో ఒక చట్టమే చేసిరి. దాత పేరు శిలాశాసనముపై నిలిచినను, కుడిమరామత్తు ఆగిన చెరువు పూడిపోయినది. పేరుతెలియని రైతులు ఏటేటా తట్ట మోసిన చెరువు నేటికిని పంట పండించుచున్నది.

బడియు చెరువే. దానికిని కుడిమరామత్తు కావలెను.

పంచాయతీ చేయదగినవి

ఉపన్యాసము విని ఇంటికి పోవుటతో ప్రయోజనము లేదు. కావున పంచాయతీలు ఆచరింపదగిన నాలుగు పనులను చెప్పెదము.

ఒకటి: దాత వచ్చినపుడు “ఏమి ఇచ్చెదరు?” అని అడుగుటకు ముందు, “మా బడికి కావలసినది ఏది?” అని మనము తేల్చుకొని యుండవలెను. 2009 నాటి విద్యాహక్కు చట్టము ప్రభుత్వ బడులలో యాజమాన్య సంఘముండవలెనని నిర్ణయించినది. అందు నాలుగింట మూడువంతులు తల్లిదండ్రులే యుండవలెను. సభ్యులలో సగము స్త్రీలు ఉండవలెను. పంచాయతీ ప్రతినిధులకును స్థానము కలదు. బడి అభివృద్ధి ప్రణాళిక తయారుచేయుట ఆ సంఘపు విధి. ఆ ప్రణాళిక కాగితమును దాత చేతిలో పెట్టుడు. ప్రణాళిక లేని ఊరికి దాత తనకు తోచినది ఇచ్చును. అది తాళము వేసిన గదిలో దుమ్ము పట్టును.

రెండు: ఇల్లు కొనగలిగినదానిని దాతను కోరకుడు. ఇల్లు కొనలేని దానిని కోరుడు.

మూడు: దానము వచ్చిన సంవత్సరమున పంచాయతీ బడికై పెట్టు ఖర్చు ఒక్క రూపాయియు తగ్గరాదు. ఈ తీర్మానమును ముందుగానే పుస్తకములో వ్రాసికొనుడు. వచ్చినది, ఖర్చయినది గ్రామసభలో చదివి వినిపింపుడు. ధర్మకర్తృత్వము కోటీశ్వరునికి మాత్రమే కాదు. పంచాయతీ ఖాతాపై సంతకము చేయు ప్రతి సర్పంచికిని అదే ధర్మము.

నాలుగు: ఏ వస్తువు వచ్చినను, దానిని రేపు ఎవరు బాగుచేయుదురో నేడే నిర్ణయింపుడు. మంచినీటి యంత్రము ఇచ్చినవాడు అమెరికాలో నుండును. దాని గొట్టము కారినపుడు తుడువవలసినది, బాగుచేయింపవలసినది మనము.

సోదరులారా, సోదరీమణులారా! ఇరువదియొక్క యేండ్ల కుర్రవాడు నూనెమిల్లును నడపజాలడని ఆనాడు వాటాదారుడొకడు సభలో పలికెను. ప్రభుత్వ బడి బాగుపడదని నేడు మన రచ్చబండమీద పలుకువారును కలరు. ఆ కుర్రవాడు వాదింపక పని చేసి చూపెను. తరువాత తాను గడించినదానిని తనదిగా భావింపక, ఆ ప్రభుత్వ బడుల కొరకే వ్రాసియిచ్చెను. ఒక దాత చేయగలిగినదంతయు ఆయన చేసిరి.

ఇక మిగిలినది మన వంతు. తోడు వేయువాడు వేసెను. కుండలో పాలు పోయవలసినది మనము. రేపు ఉదయము మీలో ఒక్కొక్కరు ఊరి బడి గంట మ్రోగు వేళకు బడివరకు నడచిపోయి, ఎందరు పిల్లలు వచ్చిరో, ఎందరు ఉపాధ్యాయులు వచ్చిరో, కుళాయిలో నీరు వచ్చుచున్నదో లేదో చూచి వచ్చినచో, మేము ఇంతసేపు మాటలాడినది సార్థకమైనట్లు భావించెదము.